మల్కయ్య తొంభై రోజుల్లో గెలవాలి

మా ప్రొడ్యూసరు పర్వతాలరావు గారు ఒకసారి పెద్ద హోటల్లో జరిగిన సదస్సుకు వెళ్ళారు. వెళ్ళింది భోజనం బాగుంటుందని. భోజనానికి ముందు కోటు వేసుకున్నాయన ఎవరో లేచి, సినిమాలు పోవడానికి కారణం కథలు కావనీ, మానవ వనరులను సరిగ్గా వాడుకోకపోవడమేననీ గంటసేపు చెప్పాడట. ఆ మాటతో మా ప్రొడ్యూసరు గారికి ప్రాణం లేచొచ్చింది. మా త్రినేత్ర జ్వాలా పిక్చర్స్ వరసగా తీసిన నాలుగు సినిమాలూ పోయాయి. నాలుగింటికీ కథ ఎంచింది ఆయనే మరి.

తిరిగొస్తూ హెచ్.ఆర్. ని వెంటబెట్టుకొచ్చారు. ఆయన పేరు ప్రణవేశ్. అంతకుముందు పదకొండేళ్ళు బిస్కెట్ల ఫ్యాక్టరీలో చేశారు. సినిమాలు చూడరు. చూస్తే పక్షపాతం వస్తుందని, అందుకే జాగ్రత్తగా ఉంటున్నానని మొదటి మీటింగులోనే చెప్పారు. మేమంతా చప్పట్లు కొట్టాం. కొట్టమని ముందే సర్క్యులర్ వచ్చింది.

నా పేరు జోగారావు. ఈ కంపెనీలో ప్రొడక్షన్ మేనేజర్ని. ఇడ్లీల దగ్గర్నుంచి ఏనుగు దాకా షూటింగుకి ఏం కావాలన్నా తెచ్చేది నేనే. ఏనుగు రాకపోతే తిట్లు తినేదీ నేనే. ముప్ఫై ఏళ్ళుగా ఎన్నో వింతలు చూశాను గనక హెచ్.ఆర్. కూడా ఒక సీజను వింతే, పోతుందిలే అనుకున్నాను. నా తెలివికి నేనే చెంపలు వేసుకోవాలి.

మొదటి నెల సరదాగానే గడిచింది. శవం వేషాలు వేసే పుల్లయ్యకి డ్యూటీలో నిద్రపోతున్నాడని మెమో ఇచ్చారు. పాపం అతను భయపడి మర్నాడు పాడె మీద కళ్ళు తెరిచాడు, డైరెక్టరు చేత చీవాట్లు తిన్నాడు. బామ్మ వేషాలు వేసే ఆవిడకి అరవై దాటాయని రిటైర్మెంటు ఇచ్చారు. ఆ ఖాళీకి ముప్ఫై అయిదేళ్ళ లోపు వాళ్ళే దరఖాస్తు చేసుకోవాలనీ, బామ్మగా పదేళ్ళ అనుభవం తప్పనిసరనీ ప్రకటన వేశారు. ముహూర్తం రోజున కొబ్బరికాయ కొట్టే పంతులు గారికి హెల్మెట్ పెట్టించారు. ఆయన కిక్కురుమనకుండా పెట్టుకుని మంత్రాలు చదివారు, హారతి అప్పుడు మాత్రం చెమట పోస్తోందని తీసేశారు.

నేను రోజూ ఇంటికెళ్ళి ఈ కబుర్లన్నీ మా ఆవిడకి చెప్పి నవ్వించేవాణ్ణి. అప్పుడొచ్చాయి పనితీరు మదింపు ఫారాలు.

ఇక్కడ మల్కయ్య గురించి చెప్పాలి. మల్కయ్య ఫైటరు. మెదక్ వైపు నుంచి వచ్చి, కృష్ణానగర్‌లో ఒక గది తీసుకుని, ఇరవై రెండేళ్ళుగా విలన్ మనుషుల్లో ఒకడిగా దెబ్బలు తింటున్నాడు. నలభై ఎనిమిదేళ్ళు. మనిషి తలుపంత ఉంటాడు, మాట మెత్తన. పరిశ్రమలో అతనిలా పడేవాడు లేడు. గాల్లో రెండు పల్టీలు కొట్టి, బల్ల విరగ్గొట్టుకుని, బోర్లా పడి, ఇంకాస్త దొర్లి ఆగుతాడు. ఆ దొర్లడం ఎవరూ నేర్పింది కాదు, అతని సొంతం.

సినిమా దెబ్బ సంగతి తెలియని వాళ్ళ కోసం చెబుతున్నాను. హీరో పిడికిలి ఎవడికీ తగలదు. మొహానికి జానెడు దూరంలోంచి పోతుంది. ఆ జానెడూ కెమెరాకి కనబడకుండా మనిషిని నిలబెడతారు. పిడికిలి ఎదురుగా వచ్చిన ఆ క్షణానికి సరిగ్గా వీడు తల విసిరి, కాళ్ళు లేపి, ఎగిరిపోవాలి. ముందైతే నవ్వొస్తుంది, ఆలస్యమైతే నిజంగానే పళ్ళూడతాయి. అంచేత హీరో బలమంతా పడేవాడి చేతిలో ఉంటుంది. ఈ సంగతి పరిశ్రమలో అందరికీ తెలుసు, హీరోలకి తప్ప.

ఫారంలో ఒక గడి ఉంది: గత సంవత్సరం చేపట్టిన పనులు. మల్కయ్య పేరు ఎదురుగా నలభై ఒక్క ఫైట్లు అని రాశాను. పక్క గడి: అందులో సాధించిన విజయాలు. ఖాళీ వదిలితే ఫారం వెనక్కి వస్తుందని సున్నా వేశాను. ఆ సున్నా వేసిన చెయ్యి ఇదే. విరిగినా బాగుండేదని తర్వాత చాలాసార్లు అనుకున్నాను.

వారం తిరక్కుండా పిలుపు వచ్చింది. మల్కయ్య ఉతికిన చొక్కా వేసుకుని, తల దువ్వుకుని వచ్చాడు. కంపెనీలో పర్మనెంటు చేస్తారని ఎవరో చెప్పారట. ప్రణవేశ్ గారు అతన్ని కూర్చోబెట్టి, ఫారం రెండుసార్లు చదువుకుని, బాధగా నిట్టూర్చారు.

"మల్కయ్య గారూ, మీ కార్యసాధన సున్నా శాతం. నలభై ఒక్క అవకాశాలు సంస్థ మీకు కల్పించింది. ఒక్కదాన్నయినా విజయంగా మలుచుకోలేకపోయారు. పాత రికార్డులు తీయించాను. ఇరవై రెండేళ్ళలో ఒక్కసారీ గెలవలేదు. అదీ ఎక్కువసార్లు ఒకే వ్యక్తి చేతిలో."

"ఆయన హీరో గద సార్," అన్నాడు మల్కయ్య.

"ఎవరన్నది ప్రధానం కాదు. ఓటమికి మూలకారణం ఏమిటో మీరెప్పుడైనా ఆత్మపరిశీలన చేసుకున్నారా?"

మల్కయ్య ఆలోచించాడు. అడిగినదానికి నిజం చెప్పాలనుకునే మనిషి. "దెబ్బ రాకముందే పడుత సార్," అన్నాడు.

ప్రణవేశ్ గారి కలం ఆగిపోయింది. ప్రయత్నించకముందే ఓటమిని అంగీకరించే మనస్తత్వం, అని పైకి చదువుతూ రాసుకున్నారు. నేను కలగజేసుకుని, అయ్యా, పడడమే అతని ఉద్యోగం అని చెప్పాను. సంస్థలో ఎవరి ఉద్యోగమూ ఓడిపోవడం కాకూడదన్నారు. నాలుగు సినిమాలు పోయిన కంపెనీలో కూర్చుని ఆ మాట అన్నారాయన. నేను ప్రొడ్యూసరు గారి దగ్గరికి పరిగెత్తాను. ఆయన అప్పటికే ప్రణవేశ్ గారు కంప్యూటర్లో వేసిన గ్రాఫులన్నీ చూశారట, ఒక్క ముక్క అర్థం కాలేదట, అంత లోతైన మనిషి చేసే పనిలో వేలు పెట్టకూడదన్నారు.

ఆ సాయంత్రమే కాగితం వచ్చింది. పనితీరు మెరుగుదల పథకం, తొంభై రోజులు. మొదటి నెలలో ప్రత్యర్థిని ఎదుర్కోవాలి. రెండో నెలలో సరిసమానంగా నిలవాలి. మూడో నెల ముగిసేలోగా ఒక్క ఫైటైనా గెలవాలి. గెలవని పక్షంలో సేవలు ముగించబడును. కింద శుభాకాంక్షలతో అని ఉంది.

మల్కయ్య ఆ కాగితాన్ని నాచేత మూడుసార్లు చదివించుకున్నాడు. నలభై ఎనిమిదేళ్ళ ఫైటర్ని కొత్తగా ఎవరూ పిలవరు. మోకాళ్ళు రెండూ ఎప్పుడో అరిగాయి. పడడం తప్ప ఇంకో పని చేతకాదని అతనే అన్నాడు, పెద్దగా బాధపడకుండానే. సున్నా వేసింది నేనే కదా.

శిక్షణ మొదలైంది. విజయం మీద ఉపన్యాసాలిచ్చే ఒకాయన వచ్చి, ముప్ఫై మంది ఫైటర్లనీ అద్దాల ముందు నిలబెట్టి, నేను పడను, నేను పడను అని వందసార్లు అనిపించాడు. ఇంట్లో కూడా సాధన చెయ్యమన్నాడు. మల్కయ్య శ్రద్ధగా చేశాడు. నాలుగో రోజున అతని భార్య నాకు ఫోను చేసి, మా ఆయన అద్దంతో మాట్లాడుతున్నాడు, తాయెత్తు కట్టించమంటారా అని అడిగింది. కట్టించమన్నాను. ఏ ఒక్కటీ వదలకూడదు అలాంటప్పుడు.

రెండో నెలలో ప్రణవేశ్ గారి దృష్టి విలన్ మీద పడింది. విలన్ వేషాలు వేసే భూపతి గారు పెద్దమనిషి, షూటింగ్ లేనప్పుడు విష్ణు సహస్రనామం చదువుకుంటారు. ఆయన్ని కూర్చోబెట్టి, నాయకత్వ లోపం అని తేల్చారు. ముప్ఫై మంది సిబ్బంది చేతిలో ఉండగా ఒక్కొక్కర్నే పంపిస్తున్నారేమిటి, మిగతా ఇరవై తొమ్మిది మంది గుండ్రంగా నిలబడి చూస్తున్నారేమిటి, ఇంతకన్నా వనరుల దుర్వినియోగం ఉంటుందా అని నిలదీశారు. భూపతి గారు కాసేపు ఆలోచించి, నలభై ఏళ్ళుగా నాకూ అదే అనుమానం బాబూ అన్నారు. మూడు రోజుల నాయకత్వ శిబిరానికి వెళ్ళొచ్చారు.

దాని ఫలితం గోదాము ఫైట్లో చూశాం. మా హీరో ప్రళయ స్టార్ వీరభార్గవ్ బాబు మీసం తిప్పి, రండిరా ఒక్కొక్కడూ అన్నాడు. భూపతి గారు అందర్నీ ఒకేసారి పంపించారు. జట్టుగా, సమన్వయంతో, లక్ష్యం మీద దృష్టి పెట్టి ముప్ఫై మందీ వెళ్ళి బాబు మీద పడ్డారు. డైరెక్టరు కట్ అన్నాడు. శిక్షణలో మధ్యలో వదలకూడదని చెప్పారు గనక ఎవరూ లేవలేదు. కిందనుంచి బాబు చెయ్యి ఒక్కటి బయటికొచ్చి, నేలని మూడుసార్లు తట్టింది. ప్రణవేశ్ గారు గొడుగు కింద కూర్చుని, ఆ నెల లక్ష్యం నెరవేరినట్టు టిక్కు పెట్టుకున్నారు.

అసలు గండం మూడో నెలది. ఎనభై తొమ్మిదో రోజున నానక్‌రామ్‌గూడలో కూరగాయల మార్కెట్ సెట్టు వేశాం. హీరో ఒక్క గుద్దు గుద్దితే మల్కయ్య రెండు బళ్ళ మీదుగా ఎగిరి మూడో బండిలో పడాలి. ఒకే షాటు. మర్నాడు మల్కయ్యకి పని లేదు. అంటే గెలిస్తే ఇవాళ గెలవాలి, లేకపోతే మూటాముల్లె సర్దుకోవాలి.

పొద్దున్నే నా దగ్గరికొచ్చి, ఏం చెయ్యమంటరు సార్ అని అడిగాడు. నీ మనసు ఏది చెబితే అది చెయ్యి అన్నాను. చేతకాని మనిషి ఇచ్చే సలహా అది. అతను తల ఊపి వెళ్ళి, బళ్ళ మధ్య దూరం అడుగులతో కొలుచుకున్నాడు. ఆ కొలుచుకోవడం చూసి, పడతాడేమో, ఉద్యోగం పోతుందేమో అనుకున్నాను.

కెమెరా తిరిగింది. బాబు కేక పెట్టి పిడికిలి విసిరాడు. అది మల్కయ్య ముక్కుకి జానెడు దూరంలోంచి వెళ్ళిపోయింది. మల్కయ్య కదల్లేదు. కళ్ళు మూసుకుని, చేతులు కట్టుకుని, బడిలో తప్పు చేసి దొరికినవాడిలా నిలబడ్డాడు. ఎగరాల్సినవాడు ఎగరకపోయేసరికి అదుపు తప్పి, బాబు తన విసురుకి తానే గిర్రున తిరిగి వంకాయల బండిలో పడ్డాడు.

సెట్టు మీద మూడు వందల మంది ఉన్నారు. ప్రణవేశ్ గారొక్కరే లేచి నిలబడి చప్పట్లు కొట్టారు.

బాబు వంకాయల్లోంచి లేచి, తన పిడికిలిని తిప్పి తిప్పి చూసుకుంటూ కారవాన్‌లోకి వెళ్ళి తలుపేసుకున్నాడు. కాసేపటికి నన్ను పిలిపించాడు. మేకప్ చెదిరింది, కళ్ళు ఎర్రగా ఉన్నాయి.

"జోగారావు గారూ, ఒట్టేసి చెప్పండి. ఇన్నేళ్ళూ నా దెబ్బ ఎవడికీ తగల్లేదా?"

జాలేసింది. నిజంగా జాలేసింది. ఇవాళ ఎదురుగాలి బాగా ఉంది బాబూ అన్నాను. ఆయన నమ్మలేదు. ఆ రోజునుంచి షూటింగుకి రావడం మానేశాడు.

మా ఆఫీసులో మాత్రం పండగ. మదింపులో వీరభార్గవ్ బాబు పనితీరు నూరు శాతం నుంచి దిగజారింది కాబట్టి ఆయనకీ తొంభై రోజుల పథకం జారీ అయింది. మల్కయ్యకి దండ వేసి ఫొటో తీసి, విజయ ప్రేరణాధికారి అన్న పదవి ఇచ్చారు. కుర్చీ, బల్ల, పేరు రాసిన పలక. మిగతా ఫైటర్లకి గెలవడం నేర్పడం అతని పని. ఉత్తర్వులో చివరి వాక్యం ఇలా ఉంది: ఇకమీదట సదరు ఉద్యోగి ఏ పరిస్థితిలోనూ, ఎవరి ఎదుటా, పడరాదు, పడినచో క్రమశిక్షణా చర్య తీసుకోబడును.

ఇక మా కంపెనీలో పడేవాడు దొరక్కుండా పోయాడు. మల్కయ్యని చూసి మిగతా ఇరవై తొమ్మిది మందీ నిటారుగా నిలబడడం మొదలుపెట్టారు. బయటినుంచి వేరే ఫైటర్లని పిలుద్దామంటే, సంస్థ విలువలకి వ్యతిరేకం అన్నారు ప్రణవేశ్ గారు. సినిమా ఆగిపోయింది. ప్రొడ్యూసరు గారు నన్ను పిలిచి, ఆయన చెప్పేదంతా సబబుగానే ఉంది, షూటింగ్ మాత్రం జరగడం లేదు, ఈ రెంటికీ ఏమైనా సంబంధం ఉందంటావా అని రహస్యంగా అడిగారు. ఉండొచ్చేమో చూద్దామండీ అన్నాను.

పదో రోజున మల్కయ్య నా బల్ల దగ్గరికొచ్చి నిలబడ్డాడు. మెడలో గుర్తింపు కార్డు. పదిరోజుల్లో ముఖం పీక్కుపోయింది.

"కూసునుడు నాతోని అయితలేదు సార్. పొద్దుగాల లేస్తే కాళ్లు, చేతులు, పెయ్యి మొత్తం పడాలె పడాలె అంటున్నది. పడకుంటే నేను మల్కయ్యనే కాదు. మీరు జర చెప్పి నన్ను పడనియ్యున్రి."

ముప్ఫై ఏళ్ళలో నన్ను మనుషులు వేషం అడిగారు, సెలవు అడిగారు, సిఫార్సు అడిగారు. కిందపడడానికి అనుమతి అడిగినవాణ్ణి అతన్నే చూశాను. కళ్ళు తుడుచుకుని, పద అన్నాను.

ప్రణవేశ్ గారి గదికి అద్దాల గోడలు. గోడ మీద కొండెక్కుతున్న మనిషి బొమ్మ. ఆయన మా మాట అంతా ఓపిగ్గా విన్నారు. తర్వాత, విజయం తర్వాత కలిగే దిగులు సహజమనీ, దాన్ని వెనకడుగుగా కాక వేదికగా భావించాలనీ, పాత పనికి తిరిగి వెళ్ళే ప్రాసెస్ సంస్థలో లేనే లేదనీ వివరించారు. ఇంక మాట్లాడేందుకేం లేదన్నట్టు లేచి, బల్ల చుట్టూ తిరిగి వచ్చి, మల్కయ్యని ఓదార్చబోయారు.

"మీలో గెలిచేవాడు ఉన్నాడు, మల్కయ్య గారూ," అంటూ భుజం తట్టడానికి చెయ్యెత్తారు.

ఆ చెయ్యి భుజానికి ఇంకా జానెడు దూరంలో ఉంది. నేను పక్కనే ఉన్నాను, నా రెండు కళ్ళతో చూశాను. మల్కయ్య తల విసురుగా తిరిగింది, కాళ్ళు నేల వదిలాయి. గాల్లో రెండు పల్టీలు. మీటింగ్ బల్ల మీద వెల్లకిలా పడి, దాన్ని విరగ్గొట్టుకుని, అవతలికి జారి, బోర్లా పడి, ఇంకాస్త దొర్లి ఆగాడు. ఇరవై రెండేళ్ళలో అంత చక్కగా పడడం నేనెప్పుడూ చూడలేదు.

అద్దాల గోడ బయట ఆఫీసంతా లేచి నిలబడింది. లెక్కల సెక్షన్ అమ్మాయి నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. ప్రణవేశ్ గారు ఎత్తిన చెయ్యి ఎత్తినట్టే ఉండిపోయారు. మెల్లగా అరచెయ్యి తిప్పి చూసుకున్నారు. పదకొండేళ్ళు బిస్కెట్ల మధ్య గడిపిన మనిషి. ఆ చేత్తో ఆయన ఏనాడూ పెద్ద తలుపు కూడా ఒక్క తోపుతో తెరిచి ఉండరు.

"నేను అంత గట్టిగా..." అన్నారు.

"ఏం గాలేదు సార్," అన్నాడు మల్కయ్య కిందనుంచి, దవడ పట్టుకుని. "మీది భారీ చెయ్యి."

ప్రణవేశ్ గారు వెళ్ళి తలుపు గడియ వేశారు. అద్దాల తెరలన్నీ దించారు. నన్ను మాత్రం ఉండనిచ్చారు, సాక్షి కావాలనో ఏమో. రెండుసార్లు గొంతు సవరించుకుని, మదింపులో భాగంగా, కేవలం పరిశీలన నిమిత్తం, ఇంకొక్కసారి వీలవుతుందా అని అడిగారు.

మల్కయ్య లేచి బట్టలు దులుపుకున్నాడు. మెడలో కార్డు సరిచేసుకున్నాడు.

"నాకు పడే పర్మిషన్ లేదు సార్. మీదే కాయితం ఉన్నది."

"అది మార్చాలంటే ప్రాసెస్ ప్రకారం మూడు వారాలు పడుతుంది."

"గట్లయితే మూడు వారాలైనంక పడుత సార్," అన్నాడు మల్కయ్య.

ప్రణవేశ్ గారు ఒకసారి తన చేతి వంక చూసుకున్నారు. తర్వాత కుర్చీలో కూర్చుని రాయడం మొదలుపెట్టారు. మూడు నిమిషాల్లో రాశారు. పతనం సంస్థ యొక్క కీలక నైపుణ్యముగా గుర్తించబడినదనీ, శ్రీ మల్కయ్య గారూ, తక్కిన ఇరవై తొమ్మిది మందీ తక్షణం పాత విధులలో చేరవలెననీ, శ్రీ మల్కయ్య గారు పర్మనెంటు చేయబడినారనీ, పడినందుకు ఏ ఉద్యోగిపైనా ఏనాడూ చర్య ఉండదనీ. సంతకం పెట్టి, తేదీ వేసి, ముద్ర కొట్టారు. తొందరలో ముద్ర తలకిందులుగా పడితే, పక్కనే మళ్ళీ కొట్టారు. సాక్షిగా నేనూ సంతకం చేశాను. సంతకం చేసేటప్పుడు ముఖం మామూలుగా పెట్టుకోవడానికి నేను పడ్డ అవస్థ పగవాడికి కూడా వద్దు.

మల్కయ్య కాగితాన్ని నాకిచ్చి ఒకసారి చదివించుకున్నాడు. నాలుగు మడతలు పెట్టి చొక్కా జేబులో వేసుకుని, జేబుకి గుండీ పెట్టుకున్నాడు. విరిగిన బల్ల ముక్కల్ని కాలితో పక్కకి నెట్టి, గోడకీ తనకీ మధ్య దూరం అడుగులతో కొలుచుకున్నాడు.

ప్రణవేశ్ గారు కోటు విప్పి కుర్చీకి తగిలించారు. వాచీ తీసి బల్ల సొరుగులో పెట్టారు. చొక్కా చేతులు మోచేతుల దాకా మడుచుకుని వచ్చి ఎదురుగా నిలబడ్డారు. ఆయన ముఖం వెలిగిపోతోంది.

"జర మెల్లగ సార్," అన్నాడు మల్కయ్య. "పోయిన దెబ్బకే చెవులల్ల గుయ్యిమంటున్నది."